సాక్ష్యానికి సున్నం వేసిన ఊరు

ముప్పై ఏళ్ళ విలేకరి ఉద్యోగంలో నేను రాసిన అబద్ధాలు తక్కువేమీ కావు. చాలావరకు ఎవరికీ హాని చేయనివే. సభకి పాతికమంది వస్తే "పెద్ద సంఖ్యలో పాల్గొన్నారు" అనడం, ఉపన్యాసం మధ్యలో ఒక కునుకు తీసి లేచి "అనంతరం పలువురు ప్రసంగించారు" అని రాయడం, ఇలాంటివి. అయితే అచ్చయిన తరవాత నిజమైపోయిన అబద్ధం మాత్రం ఒక్కటే ఉంది. అది ఒక ఊరి దావాని దాదాపు గోదాట్లో కలిపేసింది. ఈ పనిలోకి కొత్తగా వచ్చిన కుర్రాళ్ళు "వార్త ఎలా రాయాలి మాస్టారూ" అని అడిగితే నాకు చెప్పడం చేతకాదు. ఎలా రాయకూడదో మటుకు ఈ ఒక్క సంగతి చెబితే సరిపోతుంది.

తొంభైల చివరి మాట. పత్రికలు జిల్లాకొక చిన్న పత్రిక విడిగా వేయడం మొదలుపెట్టాయి. దాని నిండా ప్రతి మండలం నుంచీ రోజూ ఏదో ఒకటి ఉండాలి. కొత్తపేటకీ అమలాపురానికీ మధ్యనున్న ఊళ్ళు నా వాటాకి వచ్చాయి. మధ్యాహ్నం మూడింటికి రాజమండ్రి బస్సు డ్రైవరు చేతిలో వార్తల కవరు పెట్టాలి. ఆయన మూడు గంటలా ఒక నిమిషానికి బస్సు కదిపేవాడు. ఆ తరవాత కోనసీమ మొత్తం సముద్రంలోకి ఒరిగినా అది మర్నాటి వార్తే.

ఆ హడావుడిలో బతకాలంటే తయారుగా కొన్ని వాక్యాలు దగ్గరుండాలి. ఎవరైనా పెద్దమనిషి ఒక ఊరు వస్తున్నాడంటే నా వార్త చివర ఒక వాక్యం దానంతటదే పడిపోయేది: "ఇందుకోసం గ్రామస్థులు చురుగ్గా ఏర్పాట్లు చేస్తున్నారు." ఎవరినీ అడగక్కర్లేదు. వచ్చేది మంత్రయినా పశువుల డాక్టరయినా ఆ వాక్యం చెల్లుతుంది. దానిమీద ఎవరూ ఉత్తరం రాసిన పాపాన పోలేదు.

ఇక ఊరి సంగతి. ఏటిగట్టు దిగితే ఊరు, ఊరు దిగితే ఏరు. యాభై గడపలు, ఒకటే వీధి. ఆ వీధి చివర ఇసుక ర్యాంపు పెట్టారు. ర్యాంపు అంటే ఏట్లోంచి ఇసుక తీసి లారీలకెత్తే చోటు. ఇచ్చిన అనుమతి కాగితం ప్రకారం ఏటి నడిమధ్య మేట వేసిన ఇసుకే తియ్యాలి. ఒడ్డు జోలికీ ఇళ్ళ జోలికీ రాకూడదు. ఆ కాగితం బీరువాలో చాలా పద్ధతిగా ఉండేది. ఇసుక తవ్వే పొక్లెయినుకి చదువు రాదు కనక దానికి దగ్గరున్న ఇసుకనే అది తీసేది. నడిమధ్యకి బాట వేసుకోవాలంటే శ్రమ, ఒడ్డు పక్కనే తవ్వితే లారీ నేరుగా వచ్చి నిలబడుతుంది. రోజంతా ఆ ఒక్క వీధిలోంచే లారీలు. గోడలు బీటలు వారడం మొదలయింది. ఒడ్డు జారడం మొదలయింది.

ఏటివైపు చివరి ఇల్లు ఒక పెద్దావిడది. భర్త పోయాడు. ఒక్కతే కూతురు కువైట్‌లో ఎవరింట్లోనో వంటపనికి వెళ్ళి, ఏడేళ్ళు తిరిగి రాకుండా సంపాదించి కట్టించిన రెండు గదుల డాబా అది. కూతురు దాన్ని ఫొటోలో తప్ప చూడలేదు. వచ్చే వేసవికి సెలవిస్తామన్నారట. ఊరంతా తల్లిని "కువైటత్త" అని పిలిచేవారు. ఆవిడ మటుకు రాజోలు దాటి వెళ్ళిన దాఖలా లేదు.

మొదటిసారి నేను వెళ్ళినప్పుడు ఆవిడ పలకరింపులేమీ పెట్టుకోకుండా నన్ను నేరుగా పడకగది గోడ దగ్గరికి తీసుకెళ్ళింది.

"ఇదిగోండి పేపరు బాబుగారూ, ఇందులో చెయ్యెట్టండి."

పెట్టాను. వేళ్ళు నాలుగూ లోపలికి వెళ్ళాయి.

"ఎన్నాళ్ళనించండీ?"

"లారీలు మొదలైన కాణ్ణించండి. ముందు వెంట్రుకవాసండి. తరవాత బల్లి దూరింది. ఇప్పుడా బల్లి పిల్లల్ని కూడా పెట్టి కాపురం చేస్తందండి. నా కూతురు రాకుండానే గృహప్రవేశం అయిపోయింది దానికి."

తరవాత పెరట్లోకి తీసుకెళ్ళి ఏరు చూపించింది. వంటింటికీ నీటికీ మధ్య మూడు కొబ్బరిచెట్లున్నాయి. నేను గోడ గురించే రాసుకున్నాను. చెట్లని చూశాను గాని చూడలేదు. కోనసీమలో పుట్టినవాడికి కొబ్బరిచెట్టు కనపడదు, అదీ అసలు ఇబ్బంది.

ఊరి తరఫున అమలాపురంలో ఒక కుర్ర ప్లీడరు ర్యాంపువాళ్ళ మీద దావా వేశాడు, ర్యాంపు ఆపాలనీ గోడల మరమ్మతు ఖర్చివ్వాలనీ. ఫీజు సంగతి తరవాత చూద్దామన్న మంచివాడు. వాక్యం మొదలుపెడితే ముగించడం మటుకు తెలీదు. దావాలో గోడల పగుళ్ళ మీదే నాలుగు పేజీలు రాశాడు. అవతలివాళ్ళు పగుళ్ళే లేవన్నారు. దాంతో కోర్టు ఒక కమిషనర్ని వేసింది. ఇందులో పోలీసులకేమీ సంబంధం లేదు. కోర్టు కుర్చీలోంచి లేచి ఊళ్ళు తిరగలేదు కనక, తన కళ్ళకి బదులు ఒక వకీలుని పంపుతుంది. ఆయన వెళ్ళి చూసింది చూసినట్టు రాసుకొచ్చి ఇవ్వాలి. ఈ పనికి ఒక ముసలి వకీలుగారిని నియమించారు. కోర్టు బారులో ఆయనకి రెండు ప్రఖ్యాతులుండేవి. ఒకటి, ఎవరి దగ్గరా పైసా ముట్టరని. రెండు, ఎవరింటా మంచినీళ్ళు కూడా ముట్టరని. మొదటిదానికి నిజాయితీ, రెండోదానికి షుగరు వ్యాధి కారణాలని కొందరనేవారు.

ఆయన గురువారం వస్తున్నట్టు ప్లీడరు చెప్పాడు. సోమవారం మూడింటి బస్సుకి పది నిమిషాలుందనగా నేను రాసి పడేశాను. "గురువారం కోర్టు కమిషనర్ రాక" అని శీర్షిక. కింద ఆరు వరసలు. ఆరోది మీకు తెలుసు.

మంగళవారం పొద్దున్న ఆ ఊరి టీ కొట్టు దగ్గర జరిగింది నేను చూడలేదు. తరవాత నలుగురు నాలుగు రకాలుగా చెప్పారు గాని నలుగురి కథల్లోనూ ఈ ముక్క ఒకటే. ఎవరో పేపరు పైకి చదివారు. ఊరి సర్పంచ్, ఆయన్ని అందరూ ప్రెసిడెంటుగారనేవారు, టీ గ్లాసు కింద పెట్టేశారు.

"చురుగ్గా ఏర్పాట్లు చేసేస్తన్నామంటరా మనం? ఎవడు చేస్తన్నాడు?"

"నేనైతే చెయ్యట్లేదండి."

"పేపరోళ్ళకి ఎవరు చెప్పేరు?"

"ఎవరు చెప్తే ఏంటండి, అచ్చయిపోయింది కదా. జిల్లా అంతా చదివేసుంటారు. ఎల్లుండి ఆయనొచ్చి ఏర్పాట్లేవండీ అంటే ఏం చూపిస్తామండి, పేడకుప్పలా?"

ఇక కోనసీమ ఊరు సంగతి మీకు చెప్పాలా. ఇంటికి అతిథి వస్తున్నాడంటే దావా వేసిన సంగతి కూడా మరిచిపోతారు. మంగళవారం, బుధవారం ఊరు ఊరంతా పనిచేసింది. వీధి ఊడ్చారు. కాలవ తీశారు. సిమెంటు బస్తాలు తెచ్చి ప్రతి గోడకీ ప్రతి పగులూ పూడ్చారు. పైన రెండు పూతలు సున్నం వేశారు. అన్నిటికన్నా ముందు కువైటత్త గోడ పూడ్చారు, ఎందుకంటే అదే మరీ అసహ్యంగా ఉందట. ఆవిడ గుమ్మానికి అడ్డం నిలబడి వద్దందట.

"అందుకే కదరా ఆయనొస్తన్నారంట! చూడ్డానికేం మిగల్చరా?"

"ఊరుకో అత్తా. అంత పెద్దాయనకి బల్లి పిల్లల్ని చూపిస్తావా? ఊరి పరువు కాదూ?"

గురువారం పదింటికి నేనూ ప్లీడరూ అతని స్కూటరు మీద ఏటిగట్టెక్కాం. పైనించి చూస్తే ఊరు పాలల్లో ముంచి తీసినట్టుంది. వీధి మొదట్లో రెండు అరటిబోదెలు, వాటిమధ్య మామిడాకులు. ప్రతి కొబ్బరిచెట్టుకీ మనిషెత్తున సున్నం, పైన ఎర్రటి పట్టీ.

"దారి తప్పేమాండీ?" అన్నాడు ప్లీడరు.

ప్రెసిడెంటుగారు తెల్ల చొక్కా వేసుకుని దండతో ఎదురొచ్చారు. దండ మా మెడలో పడబోయి ఆగింది.

"పగుళ్ళేవండీ ప్రెసిడెంటుగారూ?" అన్నాడు ప్లీడరు.

"పూడ్చేసేమండి. ఆయ్. ఒక్కటి కనపడితే అడగండి."

"చంపేసేరు కదండీ! నాలుగు పేజీలు రాసేనండి పగుళ్ళ మీద!"

"అదేంటండీ? ఏర్పాట్లు చేస్తన్నామని మీవాళ్ళే కదండీ పేపర్లో వేయించేరు?"

ప్లీడరు నా వైపు తిరిగాడు. ప్రెసిడెంటుగారూ నా వైపు తిరిగారు. నేను గోదావరి వైపు తిరిగాను. ఒడ్డు పక్కన పొక్లెయిన్లు లేవు. అవతలివాళ్ళు వాళ్ళ ఏర్పాట్లు వాళ్ళు చేసుకున్నారు. మిషన్లన్నీ నడిమధ్య మేట మీదికి పోయి, కాగితంలో రాసిన చోటే బుద్ధిగా నిలబడ్డాయి. ఒడ్డు పక్క గోతులు పూడ్చి చదును చేశారు. ర్యాంపు చూసుకునే గుమస్తా గట్టు కింద కాజాల పెట్టె పట్టుకుని నవ్వుతూ నిలబడ్డాడు.

కమిషనర్‌గారు పాత అంబాసిడరులో వచ్చారు. ఆయనతో ఒక సర్వేయరు. దండ వద్దన్నారు. బొండాం కొట్టి తెస్తే వద్దన్నారు. కాజాలు వద్దన్నారు. సంచిలోంచి తన మజ్జిగ సీసా తీసుకుని తనే తాగారు. ఊరు మొత్తం చిన్నబుచ్చుకుంది.

ఇల్లిల్లూ తిరిగారు. ప్రతి ఇంటి దగ్గరా పెన్సిలుతో రాసుకుంటూ పైకి చదివారు. "గోడలు: కొత్తగా సున్నం వేయబడి ఉన్నవి. పగుళ్ళు: కానరాలేదు." పది ఇళ్ళయేసరికి ఆ వాక్యం మాకు కంఠతా వచ్చేసింది. నా "ఏర్పాట్లు" వాక్యానికి అసలైన తమ్ముడు.

"సార్, లోపల ఉన్నాయి సార్. కాస్త గోకి చూస్తే..." అన్నాడు ప్లీడరు.

"గోకడానికి నాకు ఉత్తర్వు లేదయ్యా. చూడ్డానికే ఉంది."

"రాసుకోండి సార్, ఈ ఊరు మా ఊరికన్నా బాగుందండి. లారీలొచ్చేక బాగుపడ్డారండి," అన్నాడు గుమస్తా.

కువైటత్త ఇంటికొచ్చేసరికి పన్నెండయింది. ఆవిడ గుమ్మంలో చేతులు కట్టుకుని నిలబడి ఉంది. లోపల గోడ అద్దంలా మెరుస్తోంది. ఆయన చూశారు, రాశారు, చదివారు. ఆవిడ నా వైపు ఒకసారి చూసింది. ఆ చూపుకంటే ఆవిడ నాలుగు తిట్లు తిడితే తేలికగా ఉండేది. గురువారం దాటితే శుక్రవారం మిషన్లు మళ్ళీ ఒడ్డుకి వస్తాయి. వేసవికి కూతురు వచ్చేసరికి ఆ ఇల్లు ఉంటుందో ఉండదో అక్కడున్న అందరికీ తెలుసు.

ఆయన పని అయిపోయినట్టే. చెయ్యి కడుక్కోవడానికి పెరట్లోకి వెళ్ళారు. నీళ్ళు కూడా తన సీసాలోవే. కడుక్కుంటూ కొబ్బరిచెట్టు దగ్గర ఆగారు. కళ్ళద్దాలు పైకి జరిపారు. కిందికి జరిపారు.

సున్నం తెల్లగానే ఉంది. కాని దాని కిందనుంచి ఏదో గోధుమరంగు మరక పైకి తేలుతోంది. తారు మీద సున్నం వేస్తే రెండురోజుల్లో అది అలాగే పైకి వస్తుంది. ఆ మరక ఏడు అంకె ఆకారంలో ఉంది.

"ఈ చెట్లు ఎవరికైనా కౌలుకిచ్చేవామ్మా?" ఆయనకి కూడా ముక్తేశ్వరం దగ్గర నాలుగెకరాల కొబ్బరితోట ఉందని తరవాత తెలిసింది.

"ఆయ్. కొబ్బరి షావుకారికిచ్చేనండి. కాయల దింపు తీసేవాళ్ళు ఏ చెట్టూ వదిలెయ్యకుండా ఆయనే తారుతో నెంబర్లేయించేడండి."

కౌలుకి తీసుకున్నవాళ్ళు అలా చెట్లకి అంకెలు వేసుకోవడం మా వైపు మామూలే. ఆ మామూలు మాకెవరికీ తట్టలేదు.

"ఎటునించి వేశాడు?"

"ఏటివైపు నించండి. కాయ పడవకెత్తుతారు కదండి, అందుకని ఒడ్డు నించి మొదలెట్టేడు."

ఆయన ముందుకి నడిచారు. తరవాతి చెట్టు మీద ఎనిమిది తేలుతోంది. దాని వెనక తొమ్మిది. ఆ వెనక వంటిల్లు. ఆయన మళ్ళీ ఏడు దగ్గరికొచ్చారు. ఏడుకి అవతల ఒడ్డు తెగి ఉంది, కింద నీరు.

"ఒకటో నెంబరు చెట్టెక్కడమ్మా?"

"ఏట్లో ఉందండి."

"రెండు?"

"అదీ అక్కడే ఉందండి. ఆరుదాకా అందరూ అక్కడే ఉన్నారండి."

గుమస్తా గబగబా ముందుకొచ్చాడు.

"వరదకి పోయుంటాయండి! గోదారన్నాక ఒడ్డు కొయ్యదాండీ?"

కువైటత్త అప్పుడు చేతులు విప్పింది. "వరద తగ్గిపోయింది వినాయక చవితికి. నెంబర్లేసింది దసరా వెళ్ళేకండి. కాయితం ఉంది, తెస్తానుండండి." లోపలికెళ్ళి బిస్కెట్ల డబ్బాలోంచి కౌలు కాగితం తెచ్చింది. కూతురి ఉత్తరాలన్నీ దాంట్లోనే ఉన్నాయి. కాగితం మీద షావుకారి సంతకం, తారీఖు, "ఈ దొడ్డిలో ఒకటి నుంచి తొమ్మిది వరకు చెట్లు" అని ఉంది. "దసరా నించి ఇవాళ్టిదాకా ఏరు మా పెరట్లోకి రాలేదండి. ఈయనగారి మిషనే వచ్చింది."

సర్వేయరు టేపు తీశాడు. ఏడుకీ ఎనిమిదికీ మధ్య ఇరవై అయిదు అడుగులు. ఎనిమిదికీ తొమ్మిదికీ అంతే. వరస పెట్టి నాటిన చెట్లవి. పోయిన ఒడ్డు ఎంతో లెక్క కట్టడానికి ఇక మా ప్లీడరు నాలుగు పేజీలతో పని లేకపోయింది. ఆ పెద్దాయన చెట్టు మొదలు మీద కాగితం ఆనించుకుని రాశారు. పైకి చదివారు. అలవాటే కదా.

"ఏడు, ఎనిమిది, తొమ్మిది నెంబర్ల చెట్లు చూసితిని. ఒకటి నుంచి ఆరు వరకు ఉండవలసిన చోట నీరు ఉన్నది."

నా ఉద్యోగ జీవితంలో నేను రాసిన వాక్యాలన్నీ తక్కెడలో ఒకవైపు వేసినా ఆ ఒక్కదానికి సరితూగవు. విశేషణం ఒక్కటి లేదు.

ఆయన నివేదిక మీద కోర్టు ర్యాంపు ఆపించింది. పొక్లెయిన్లు గట్టెక్కి వెళ్ళిపోయాయి. అయితే అదే నివేదికలో యాభై ఇళ్ళకీ "పగుళ్ళు: కానరాలేదు" అని కూడా ఉంది. గోడల మరమ్మతు ఖర్చు అవతలివాళ్ళు ఇవ్వాలన్న కోరిక ఆ మాట దగ్గర ఆగిపోయింది. కానరాలేదన్నది నిజమే. కానరాకుండా చేయించింది నేను.

కోర్టు ఉత్తర్వు వచ్చిన మర్నాడు ఊరెళ్ళి ప్రెసిడెంటుగారికి చెప్పేశాను. ఆ వాక్యం నాకెవరూ చెప్పలేదనీ, అలవాటుగా రాసేశాననీ.

ఆయన కుర్చీ దగ్గరికి జరుపుకున్నారు. "అంటే ఎవరూ చెప్పకుండానే రాసేసేరాండీ?"

"ఆయ్," అన్నాను.

"మరి రోజూ పేపర్లో వచ్చేవన్నీ అంతేనాండీ?"

"అన్నీ కావండి."

"ఏవి అవునో ఏవి కావో గుర్తేదైనా పెడితే బాగుండునండి. చెట్లకి పెట్టినట్టు."

సవరణ రాసి కవర్లో పెట్టాను. రాజమండ్రిలో డెస్కు వాళ్ళు నవ్వుకుని పక్కన పడేశారట. "గ్రామస్థులు ఏర్పాట్లు చేయడంలేదు అని వెయ్యమంటారా?" అని ఫోను చేశారు. ఆ తరవాత ఆ వాక్యం మళ్ళీ రాయలేదు. దానివల్ల నా వార్తలు ఒక్కో వరస తగ్గాయి. పాఠకులెవరూ గమనించలేదు.

ఆ వేసవికి కూతురికి సెలవు దొరకలేదు. రెండేళ్ళ తరవాత, గోదావరి వరద తగ్గాక ఒడ్డు ఎలా ఉందో రాద్దామని నేను ఆ వైపు వెళ్ళాను. ర్యాంపు అప్పటికి నాలుగు ఊళ్ళ కిందికి మారి, అక్కడ కొత్త ప్లీడరుకి పని కల్పిస్తోంది. కువైటత్త ఇల్లు ఉంది. గోడ మీద పాత పగులు సిమెంటుని చీల్చుకుని సన్నగా మళ్ళీ కనబడుతోంది. అరుగు మీద నడివయసు ఆవిడ ఒకరు కూర్చుని పెరటివైపు చూస్తున్నారు. కూతురని చెప్పనక్కర్లేదు. సొంత ఇంట్లో ఎక్కడ కూర్చోవాలో ఇంకా తెలియనట్టు అరుగు అంచున కూర్చున్నారు.

పెరట్లో కొత్త షావుకారి మనిషి తారు డబ్బాతో నిలబడి ఉన్నాడు. పాత షావుకారు కౌలు వదిలేశాడట. పాత అంకెలు వెలిసిపోయాయి. కువైటత్త అతని ఎదురుగా నడుం మీద చెయ్యేసుకుని నిలబడి ఉంది.

"ఒకటి నించి వేస్తానండి, మాకు లెక్క సులువండి," అంటున్నాడు అతను.

"ఏడు నించి వెయ్యి."

"అదేంటండీ అమ్మగారూ, ముందు ఆరు లేవు కదండి!"

"లేవనే ఏడు నించి వెయ్యమంటన్నాను."

అతను నా వైపు చూశాడు. కుంచె తారులో ముంచి, నీటి అంచున ఉన్న చెట్టు మీద ఏడు వేశాడు.